పెంపుడు చిలుకకు దిగులు పట్టకుండా, జబ్బు రాకుండా చూసుకోవడం ఎలా?

"మా చిలుక ఈకలు పీక్కుంటోంది, ఏ టానిక్ వేయాలి?" "రెండు రోజులుగా ముడుచుకుని కూర్చుంటోంది, నీళ్లలో ఏ మందు కలపాలి?" నెల్లూరు, కావలి, ఒంగోలు వైపు పక్షులను పెంచుకునేవారు నన్ను తరచుగా అడిగే ప్రశ్నలు ఈ రెండే. నేను వారిని తిరిగి అడిగేవి కూడా ఎప్పుడూ రెండే: పంజరం ఎక్కడ పెట్టారు, రాత్రి ఎన్ని గంటలకు దీపం ఆర్పుతున్నారు? సరిదిద్దవలసినదేదో చాలాసార్లు ఆ జవాబుల్లోనే దొరుకుతుంది.

సిద్ధాంతం తెలియవలసినంత మాత్రమే చెబుతాను. పక్షి బెదిరినప్పుడు దాని ఒంట్లో కార్టికోస్టెరాన్ అనే హార్మోను పెరుగుతుంది. కాసేపు పెరిగి తగ్గిపోతే నష్టం లేదు, ఎగిరి తప్పించుకోవడానికి అది అవసరం కూడా. అయితే పంజరంలో ఉన్న పక్షికి ఎగిరిపోయే దారి లేదు కాబట్టి, బెదురు రోజుల తరబడి కొనసాగినప్పుడు రోగనిరోధక శక్తి తగ్గి, అంతవరకు లోపల అణగి ఉన్న సూక్ష్మజీవులు విజృంభిస్తాయి. క్లమైడియా సిట్టసి అనే బ్యాక్టీరియా ఇందుకు మంచి ఉదాహరణ: పైకి ఆరోగ్యంగా కనిపించే చిలుక కూడా ఒత్తిడికి లోనైనప్పుడు దానిని రెట్టలో, ముక్కు స్రావాల్లో బయటకు వదులుతుంది. ఎండిన రెట్ట ధూళిని పీల్చిన మనుషులకూ అది సోకి, జ్వరంతో, పొడి దగ్గుతో సిట్టకోసిస్ అనే జబ్బు వస్తుంది. కాబట్టి ఇది పక్షి క్షేమానికి మాత్రమే సంబంధించిన సంగతి కాదు.

ఇంకొక మాట ముందే చెప్పాలి. ఇది బడ్జీలు (మన దుకాణాల్లో లవ్ బర్డ్స్ అని అమ్మేవి చాలావరకు ఇవే), కాక్‌టెయిళ్లు, ఆఫ్రికన్ లవ్ బర్డ్స్, సన్ కన్యూర్లు, ఆఫ్రికన్ గ్రేలు వంటి విదేశీ జాతులను పెంచేవారికోసం రాసినది. మన రామచిలుకను పట్టడం, అమ్మడం, ఇంట్లో పెంచడం 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం నేరం. జోస్యం చెప్పే చిలుకలను చూసి అది మామూలే అనుకునేవారు ఇప్పటికీ ఉన్నారు. మీ ఇంట్లో రామచిలుక ఉంటే అటవీశాఖ వారికి అప్పగించండి. చేతి మీద పెరిగిన పక్షిని మేడ మీదికి తీసుకెళ్లి వదిలేస్తే అది బతకదు. సన్ కన్యూరు, ఆఫ్రికన్ గ్రే వంటివి సైటిస్ (వన్యప్రాణుల వ్యాపారాన్ని నియంత్రించే అంతర్జాతీయ ఒప్పందం) పట్టికలలో ఉన్నాయి కనుక, 2024లో వచ్చిన నిబంధనల ప్రకారం వాటిని కేంద్ర పర్యావరణ శాఖ వారి పరివేష్ పోర్టల్‌లో నమోదు చేయించాలి. బడ్జీలు, కాక్‌టెయిళ్లు ఆ పట్టికలలో లేవు.

కావలసినవి

- ఒక్కొక్క గ్రామును చూపించే ఎలక్ట్రానిక్ వంటింటి తూకం
- ఒక నోటు పుస్తకం, పెన్ను
- గదిలో తగిలించే చిన్న థర్మామీటరు
- పంజరం మీద కప్పడానికి పలుచని నూలు గుడ్డ, ఒక దోమతెర
- మందు కొట్టని చెట్టు నుంచి కోసిన వేప లేదా జామ కొమ్మలు, వేర్వేరు లావుల్లో
- రంగులు లేని పాత వార్తాపత్రికలు
- మసకగా వెలిగే, బ్యాటరీతో నడిచే చిన్న బెడ్ ల్యాంపు
- ప్రయాణానికి గాలి ఆడే చిన్న పెట్టె లేదా చిన్న పంజరం

మొత్తం ఖర్చులో పెద్దది తూకమే. టానిక్ సీసాల మీద పెట్టే డబ్బును దానిమీద పెట్టండి.

1. ముందు వారం రోజులు ఏమీ మార్చకండి, తూచండి

చిలుక తన జబ్బును దాచుకుంటుంది. గుంపులో నలతగా కనిపించిన పక్షి మీదే డేగ కన్ను పడుతుంది కనుక, అది పుట్టుకతో వచ్చిన గుణం. మీ కంటికి జబ్బు కనిపించే నాటికి అది ముదిరి ఉంటుంది, తూకం మాత్రం దానికి చాలా ముందుగానే పట్టిస్తుంది.

రోజూ పొద్దున్నే, మొదటి రెట్ట వేసిన తరువాత, గింజలు పెట్టకముందు తూచాలి. మా ఇంట్లో తూకం మీద ఒక చిన్న కొమ్మ ముక్కను స్టాండుకు బిగించి పెట్టి, సున్నా చేసి, దాని పక్కన రెండు కొర్ర గింజలు చూపిస్తాను. కాక్‌టెయిల్ దాని మీదికి ఎక్కి గింజలు నోట వేసుకునేలోగా 92 అనో 93 అనో అంకె కనిపిస్తుంది, అది పుస్తకంలోకి ఎక్కుతుంది. మచ్చిక కాని పక్షిని చేత్తో పట్టి తూచవద్దు, ఒత్తిడిని కొలవబోయి మనమే ఒత్తిడి పెట్టినట్టవుతుంది. పంజరం తలుపు దగ్గర చిన్న పెట్టె అమర్చి, అందులో తిండి పెట్టి, అది తనంతట లోపలికి వెళ్లినప్పుడు పెట్టెతో సహా తూచి, పెట్టె బరువు తీసివేయండి.

సుమారుగా బడ్జీ 30 నుంచి 40 గ్రాములు, కాక్‌టెయిల్ 80 నుంచి 110, సన్ కన్యూరు 100 నుంచి 120, ఆఫ్రికన్ గ్రే 400 నుంచి 500 గ్రాములు ఉంటాయి. అయితే మీకు కావలసినది పుస్తకాల్లోని బరువు కాదు, మీ పక్షి ఏడు రోజుల సగటు. దానికంటే నూటికి పది వంతులు తగ్గితే ఇక ఇంటి వైద్యం ఆపి డాక్టరుకు చూపించాలి.

2. పంజరం చోటు మార్చండి

గది మధ్యలో వేలాడే పంజరంలోని పక్షికి నాలుగు వైపుల నుంచీ భయమే. కనీసం ఒక వైపు, వీలైతే రెండు వైపులా గోడ ఉండేలా మూలకు చేర్చి, మీ ఛాతీకీ కంటికీ మధ్య ఎత్తులో పెట్టండి. వరండాలో వేలాడదీయడం మన వైపు అలవాటే కానీ, పిల్లి, కాకి, రాత్రిపూట ఎలుక, ఎదురెండ, వీధి శబ్దం అన్నీ అక్కడే ఉంటాయి. వంటింట్లో ఎంతమాత్రం పెట్టకూడదు. టీవీ పక్కన, ఇంటి గుమ్మానికి ఎదురుగా, ఏసీ గాలి నేరుగా తగిలే చోట కూడా వద్దు.

గుండ్రటి పంజరం చూడటానికి బాగుంటుంది, పక్షికి మాత్రం అందులో దాగే మూల ఉండదు. దీర్ఘచతురస్రాకారంలో, ఎత్తుకంటే పొడవు ఎక్కువగా ఉండేది తీసుకోండి. బడ్జీల పంజరంలో ఊచల మధ్య సందు అర అంగుళం మించకూడదు, మించితే తల ఇరుక్కుంటుంది. కొత్త పంజరం కొనలేకపోతే, ఉన్నదానికే ఒక పై మూలన గుడ్డ కట్టి నక్కి కూర్చునే చోటు చేయండి. పక్షి అక్కడికి వెళ్లి కూర్చున్నప్పుడు ఎవరూ పలకరించకూడదని పిల్లలకు చెప్పండి.

3. రాత్రి నిద్రను స్థిరపరచండి

చిలుకకు రోజుకు 10 నుంచి 12 గంటల చీకటి, నిశ్శబ్దం కావాలి. మనం రాత్రి పదకొండు దాకా టీవీ చూసి, దాన్ని పొద్దున్నే ఐదింటికి లేపితే దక్కేది ఆరు గంటలే. చిరచిరలాడటం, కరవడం, ఈకలు పీక్కోవడం చాలా ఇళ్లలో ఇక్కడే మొదలవుతాయి. రాత్రి ఏడున్నరకో ఎనిమిదింటికో పంజరాన్ని మరో గదికి చేర్చండి, లేదా మూడు వైపులా నూలు గుడ్డ కప్పండి. నాలుగో వైపు గాలికి వదలాలి. గుడ్డ కప్పి పక్కనే టీవీ పెట్టుకుంటే అది నిద్ర కింద లెక్కకు రాదు.

కాక్‌టెయిళ్లు పెంచేవారికి ప్రత్యేక హెచ్చరిక. ఇవి చిమ్మచీకటిలో ఉలిక్కిపడి లేచి, పంజరమంతా కొట్టుకుంటాయి. ఒక రాత్రి కరెంటు పోయి, ఎక్కడో తలుపు దఢాలున కొట్టుకుంది. పంజరంలో చపచపా రెక్కల చప్పుడు విని సెల్‌ఫోను లైటు వేసి చూసేసరికి, కాగితం నిండా నెత్తుటి చుక్కలు. ఎడమ రెక్కలో కొత్తగా మొలుస్తున్న ఈక విరిగింది. అటువంటి ఈకలో రక్తం పారుతూ ఉంటుంది. శుభ్రమైన గుడ్డతో కొన్ని నిమిషాలు మెల్లగా అదిమి పెడితే ఆగింది, ఆగకపోతే డాక్టరు దగ్గరకు పరుగెత్తవలసిందే. ఆ మరునాడు కొన్నదే బ్యాటరీ బెడ్ ల్యాంపు. కరెంటుతో నడిచేది పెట్టుకుంటే, దాని అవసరం పడిన క్షణంలోనే అది ఆరిపోతుంది.

4. ఎండాకాలానికి ముందే సిద్ధం కండి

మన జిల్లాల్లో పక్షులు ఎక్కువగా పోయేది రోహిణి కార్తెలోనే. పక్షికి చెమట పట్టదు. నోరు తెరిచి ఎగశ్వాస పెట్టడం, రెక్కలను ఒంటికి దూరంగా ఎత్తి పెట్టడం, ఈ రెండే దానికి తెలిసిన ఉపాయాలు. పంజరం దగ్గర థర్మామీటరు 35 డిగ్రీలు దాటుతున్నదంటే పనిలోకి దిగాలి. రేకుల గదిలో, మేడ మీది గదిలో ఉన్న పంజరాన్ని మార్చి నెల మొదట్లోనే కింది అంతస్తుకు దించండి. పగలు పది నుంచి ఐదు వరకు కిటికీకి తడి గోనెపట్టా కట్టి, ఎదురు కిటికీ తెరిచి ఉంచండి. నీళ్లు రెండు గిన్నెల్లో పెట్టి రోజుకు మూడు సార్లు మార్చండి. వెడల్పాటి మట్టి మూకుడులో అంగుళం లోతు నీళ్లు పోసి పెడితే దానంతట అదే స్నానం చేస్తుంది. బడ్జీలు మూకుడు కంటే తడి కొత్తిమీర కట్టలో దొర్లడానికే ఇష్టపడతాయి. సాయంత్రం తడిపితే ఈకలు ఆరవు కనుక స్నానం పొద్దుటిపూటే కావాలి.

కూలరు గురించి ఒక మాట. మార్కాపురం వైపు పొడి గాలిలో అది పనిచేస్తుంది. నెల్లూరు, కొత్తపట్నం వంటి తీరప్రాంతాల్లో తలుపులు మూసి కూలరు వేస్తే ఉక్క పెరుగుతుంది తప్ప చల్లదనం రాదు. నిరుటి గడ్డి ప్యాడ్లలో బూజు ఉంటే, అది నేరుగా పక్షి ఊపిరితిత్తుల్లోకి పోతుంది. ప్యాడ్లు ఏటా మార్చండి.

వడదెబ్బ తగిలి పక్షి తూలుతూ ఉంటే నీడకు చేర్చి, కాళ్లను, రెక్కల కింది భాగాన్ని మామూలు చల్లటి నీటితో తడిపి, దూరం నుంచి ఫ్యాను పెట్టి, డాక్టరు దగ్గరకు తీసుకెళ్లండి. ఐసు నీళ్లు వాడకూడదు. నోట్లో నీళ్లు పోయకూడదు, అవి శ్వాసనాళంలోకి పోతే అక్కడికక్కడే ప్రాణం పోవచ్చు.

5. పొగను ఇంటి నుంచి వెళ్లగొట్టండి

పక్షి ఊపిరితిత్తులకు తోడు గాలి సంచులు కూడా ఉంటాయి. మనకు గొంతు గరగరలాడించే పొగ దానికి ప్రాణాంతకం కావచ్చు. నెల్లూరు దోమల గురించి నెల్లూరు వారికి చెప్పనక్కరలేదు, అయినా చిలుక ఉన్న గదిలో దోమల చుట్ట వెలిగించవద్దు, ద్రవం మిషనూ వద్దు. రాత్రి పంజరం మీద దోమతెర వేస్తే సరిపోతుంది. పక్షి ముక్కుకు అంది తెరను కొరకకుండా, అది ఊచలకు కొంచెం ఎడంగా ఉండాలి. సాంబ్రాణి, అగరుబత్తి పూజగది దాటి రాకుండా చూడండి. నాన్‌స్టిక్ పెనం పొయ్యి మీద మరచిపోయి మాడితే వచ్చే వాయువు పక్కగదిలోని పక్షిని కూడా నిమిషాల్లో చంపుతుంది. దానికి వాసన కూడా పెద్దగా ఉండదు. దోసెకు ఇనుప పెనమే మేలు, రుచికి కూడా.

6. తిండిని మెల్లగా మార్చండి

పొద్దుతిరుగుడు గింజలతోనే కడుపు నింపితే కొవ్వు పెరుగుతుంది, ఎ విటమిన్ కొరవడుతుంది. ఆ కొరతతో ముక్కు, గొంతు లోపలి పొర దెబ్బతిని జబ్బులకు దారి తెరుచుకుంటుంది. కొర్రలు, సజ్జలు, వరిగలు పునాదిగా ఉంచి, రోజూ తోటకూర, మునగాకు, కొత్తిమీర, క్యారెట్ తురుము, ఉడికించిన చిలగడదుంప, బొప్పాయి ముక్క, వీటిలో రెండు మూడు ఇవ్వండి. అవకాడో, చాక్లెట్, కాఫీ, టీ, ఉల్లి, ఉప్పు వేసినవి పెట్టకూడదు. కాల్షియానికి సముద్రపు నురుగు (కటిల్‌బోన్) ముక్కను ఊచలకు కట్టండి.

ఇక్కడ అందరూ చేసే పొరపాటు ఒక్కటే: కొత్త తిండి తినాలని పాత గింజలను ఒక్కసారిగా ఆపివేయడం. చిలుక కొత్త తిండిని తిండిగా గుర్తించకుండానే ఆకలితో పడిపోతుంది. పొద్దున్నే ఆకలి మీద ఉన్నప్పుడు ఒక గంట కొత్తది పెట్టి, తరువాత పాత గింజలు ఇవ్వండి. ఇది మూడు వారాలో ఆరు వారాలో పట్టవచ్చు. గిన్నెలో గుల్లలే మిగిలి ఉన్నా నిండుగా కనిపిస్తుంది, కాబట్టి నోటితో ఊది చూడండి. బడ్జీలు ఆకలితో చనిపోయిన ఇళ్లలో గిన్నెలు నిండుగానే ఉండటం నేను చూశాను.

అక్టోబరు నుంచి డిసెంబరు దాకా తుపాను ముసురులో గింజలకు తేమ పడుతుంది. వేరుశనగ, మొక్కజొన్నలకు బూజు పడితే అఫ్లాటాక్సిన్ అనే విషం పుట్టి కాలేయాన్ని తినేస్తుంది, ఎండబెట్టినా, వేయించినా అది పూర్తిగా పోదు. ఆ మూడు నెలలు పదిహేను రోజులకు సరిపడా మాత్రమే కొని, బిగుతు మూత ఉన్న స్టీలు డబ్బాలో పోయండి. ముక్కవాసన వస్తే చెత్తలో వేయండి. కోళ్లకు వేయడం కూడా తప్పే.

7. కుండ తీసేయండి, కొమ్మ పెట్టండి

బడ్జీల పంజరంలో ఏడాది పొడవునా మట్టి కుండ వేలాడదీస్తారు. కుండ కనిపిస్తే ఆడపక్షి గుడ్లు పెడుతూనే ఉంటుంది, ఒంట్లోని కాల్షియం హరించుకుపోయి ఒకనాడు గుడ్డు లోపలే చిక్కుకుంటుంది. పిల్లలు వద్దనుకుంటే కుండ వద్దు. కావాలన్నా ఏడాదికి రెండు ఈతలు చాలు, ఆపైన కుండ తీసి పక్కన పెట్టండి.

ఒకే లావున్న ప్లాస్టిక్ కర్రలు అరికాళ్లలో పుండ్లు తెస్తాయి. వాటి బదులు వంకరటింకర వేప, జామ కొమ్మలు పెట్టండి. బెరడు ఒలుచుకోవడం దానికి రోజంతా సరిపోయే పని, పనిలేని చిలుకే తన ఈకల మీద పడుతుంది. తాటాకు ముక్కలు, కొబ్బరి పీచు, కాగితంలో చుట్టిన గింజలు కూడా ఇందుకు పనికివస్తాయి. అద్దం మాత్రం పెట్టకండి, ఒంటరి పక్షి దానినే జోడు అనుకుని దానికి మేత కక్కుతూ కూర్చుంటుంది.

8. బలవంతంగా చేతికి తీసుకోకండి

ఈకలు ఒంటికి అంటుకుపోయి నిటారుగా నిలబడటం, కళ్లు పెద్దవి చేయడం, వెనక్కి జరగడం అంటే "దగ్గరకు రావద్దు" అని. అప్పుడు చేయి వెనక్కి తీసుకుంటే రేపు అదే ముందుకు వస్తుంది. రోజూ ఒకే వేళకు పది నిమిషాలు పంజరం పక్కన కూర్చోవడం చాలు. బయటకు వదిలేముందు సీలింగ్ ఫ్యాను ఆపి, అద్దాలకు తెరలు దించండి. నీళ్ల బకెట్ల మీద మూతలు పెట్టండి.

9. పండుగలకు, ప్రయాణాలకు, కొత్త పక్షికి

దీపావళికి రెండు రోజుల ముందే పంజరాన్ని ఇంటి లోపలి గదికి చేర్చి, ఫ్యాను శబ్దం ఉంచి, ముందు వైపు కూడా సగం కప్పండి. పెళ్లి ఊరేగింపులకు, డీజేలకు కూడా ఇదే పద్ధతి. బస్సులోనో కారులోనో తీసుకెళ్లేటప్పుడు నీటి గిన్నె ఒలుకుతుంది కాబట్టి దోసకాయ ముక్క పెట్టండి. చేరిన తరువాత కొన్ని గంటలు రెట్ట నీళ్లగా ఉండటం సహజం, మరునాటికీ అలాగే ఉంటే అది జబ్బు.

కొత్త పక్షిని 30 నుంచి 45 రోజులు వేరే గదిలో ఉంచి, దాని పని చివర చేసి చేతులు కడుక్కోవాలి. కోళ్ల ఫారం నుంచి వచ్చిన చెప్పులతో, బట్టలతో పంజరం దగ్గరకు వెళ్లకండి. 2024 ఫిబ్రవరిలో పొదలకూరు మండలం చాటగొట్లలో, కోవూరు మండలం గుమ్మళ్లదిబ్బలో కోళ్లకు బర్డ్ ఫ్లూ వచ్చిన సంగతి మనకు తెలిసినదే.

ఫలితం వచ్చిందో లేదో చూడటం

పంజరం అడుగున రోజూ కొత్త కాగితం వేయండి. రెట్టలో మూడు భాగాలు ఉండాలి: ఆకుపచ్చగానో గోధుమ రంగులోనో గట్టి భాగం, తెల్లని సున్నం వంటి భాగం, చుట్టూ కొద్దిగా నీరు. తెల్ల భాగం పసుపుగానో ఆకుపచ్చగానో మారితే కాలేయం వైపు అనుమానించాలి. బడ్జీ రోజుకు 30 నుంచి 50 రెట్టలు వేస్తుంది. సంఖ్య సగానికి పడిపోతే అది తినడం లేదని అర్థం.

పైవన్నీ సరిచేస్తే రెట్ట, కూత, ఆకలి వారంలో కుదుటపడతాయి. బరువు రెండు మూడు వారాల్లో నిలకడకు వస్తుంది. ఈకల సంగతి మాత్రం, పాతవి రాలి కొత్తవి మొలిచేదాకా తేలదు. రాలిన రెక్క ఈకను వెలుతురుకు పట్టి చూడండి, అడ్డంగా సన్నని గీత కనిపిస్తే ఆ ఈక పెరిగిన రోజుల్లో పక్షికి ఏదో కష్టం కలిగిందని అర్థం. కొత్త ఈకల్లో గీతలు లేకపోతే మీరు చేసింది సరైనదే. అన్నిటినీ ఒకే రోజు మార్చకండి, ఆ మార్పే కొత్త ఒత్తిడి అవుతుంది. వారానికి ఒకటి మార్చి, ఏది ఎప్పుడు మార్చారో బరువు పక్కన రాయండి. పొగ, ఎండ విషయంలో మాత్రం వారం ఆగకూడదు.

శ్వాసతో పాటు తోక పైకీ కిందికీ ఊగడం, పంజరం అడుగున కూర్చోవడం, పగలంతా ఈకలు ఉబ్బించి కళ్లు మూసుకోవడం, ఒక రోజంతా తినకపోవడం, వీటిలో ఏది కనిపించినా ఈ సూచనలు పక్కన పెట్టి అదే రోజు పశువైద్యుడికి చూపించండి. మనుషుల మాత్రలు నూరి నీళ్లలో కలపవద్దు. మందు కలిపిన నీళ్లు రుచి మారితే పక్షి తాగదు, ఎంత మందు లోపలికి పోయిందో ఎవరికీ తెలియదు. దగ్గరి పశువైద్యశాలలో పక్షులను చూసే అలవాటు లేదంటే, తిరుపతిలోని శ్రీ వెంకటేశ్వర పశువైద్య విశ్వవిద్యాలయం ఆసుపత్రి గానీ, చెన్నై వేపేరిలోని మద్రాసు పశువైద్య కళాశాల గానీ నెల్లూరు నుంచి ఒక్క పూట ప్రయాణం. బయలుదేరేటప్పుడు బరువులు రాసిన పుస్తకాన్ని, ఆనాటి రెట్ట ఉన్న కాగితాన్ని మడిచి వెంట తీసుకెళ్లండి. మీకు ఎవరికైనా జ్వరం, దగ్గు ఉంటే, మీ డాక్టరుకు ఇంట్లో చిలుక ఉందని మొదటే చెప్పండి.